సైలెన్సర్ ఉన్నా తుపాకీ పేలుతుంది: లివర్ యాక్షన్ రైఫిల్, ధ్వని, మన చెవి

సైలెన్సర్ అనగానే మనకు రెండు వస్తువులు గుర్తొస్తాయి. ఒకటి మోటారు సైకిల్ వెనక ఉండే పొగ గొట్టం. రెండోది సినిమాలో దుండగుడు పిస్తోలు మూతికి బిగించే నల్లటి గొట్టం. మొదటి దాని సంగతి అందరికీ తెలుసు. అది ఉన్నా బండి చప్పుడు చేస్తుంది, ఊడిపోతే వీధి వీధంతా లేచి కూర్చుంటుంది. రెండో దాని గురించి మనకు తెలిసిందంతా సినిమా నేర్పినదే. ట్రిగ్గర్ నొక్కగానే 'ఫట్' అని చిన్న శబ్దం, పక్క గదిలో ఉన్నవారికి కూడా వినపడదు.

నిజానికి ఈ రెండూ ఒకే సూత్రం మీద పనిచేస్తాయి. పొగ గొట్టానికి తీసిన సైలెన్సర్ బండిని ఎంత నిశ్శబ్దం చేస్తుందో, తుపాకీని కూడా దాని సైలెన్సర్ దాదాపు అంతే నిశ్శబ్దం చేస్తుంది. అంటే నిశ్శబ్దం చేయదు, చప్పుడును తగ్గిస్తుంది. ఆ తగ్గింపు ఎవరికి మేలు, ఎంత మేలు అన్నది అమెరికాలో వేటగాళ్లు, శబ్ద నిపుణులు, చట్టసభల సభ్యులు చాలాకాలంగా చర్చిస్తున్న విషయం. లివర్ యాక్షన్ అనే పాతకాలపు రైఫిల్‌ను ఉదాహరణగా తీసుకుంటే ఆ లెక్క తేలిగ్గా అర్థమవుతుంది.

చప్పుడు ఎక్కడినుంచి వస్తుంది?

తూటాలో నాలుగు భాగాలుంటాయి: ఇత్తడి గొట్టం, దాని అడుగున నిప్పు రాజేసే ప్రైమర్, లోపల మందు, పైన బుల్లెట్. ట్రిగ్గర్ నొక్కితే మందు అంటుకుని వేడి వాయువుగా మారుతుంది. అమెరికాలో జింకల వేటకు తరతరాలుగా వాడుతున్న 30-30 వించెస్టర్ తూటాలో ఆ వాయువు పీడనం గరిష్ఠంగా 2,900 బార్ వరకు చేరుతుంది. మన చుట్టూ ఉన్న గాలి పీడనం సుమారు 1 బార్ మాత్రమే. బుల్లెట్ బ్యారెల్ చివరికి చేరేసరికి పీడనం బాగా తగ్గినా, వాతావరణ పీడనానికి వందల రెట్లు ఉంటుంది.

సోడా సీసా మూత తీసినప్పుడు 'బుస్' మంటుంది కదా, ఇక్కడ బుల్లెట్టే ఆ మూత. అది బయటపడగానే వెనకున్న వాయువు ఒక్కసారిగా విచ్చుకుంటుంది. చుట్టూ ఉన్న గాలిని అతి వేగంగా నెట్టడంతో ఆఘాత తరంగం పుడుతుంది. తుపాకీ చప్పుడులో పెద్ద వాటా దీనిదే.

రెండో వాటా బుల్లెట్‌ది. 20 డిగ్రీల సెల్సియస్ వద్ద గాలిలో ధ్వని వేగం సెకనుకు సుమారు 343 మీటర్లు. 30-30 బుల్లెట్ సెకనుకు 700 మీటర్లకు పైగా వేగంతో వెళుతుంది. ధ్వనికంటే వేగంగా వెళ్లే ఏ వస్తువైనా తన వెంట శంఖాకారపు ఆఘాత తరంగాన్ని లాక్కుపోతుంది. యుద్ధ విమానం 'సోనిక్ బూమ్' కూడా ఇలాంటిదే. బుల్లెట్ చిన్నది కాబట్టి అది 'ఠప్' మనే పదునైన శబ్దంగా వినిపిస్తుంది. మూడో వాటా తుపాకీ లోపలి భాగాలు కదిలే చప్పుడు. నాలుగోది బుల్లెట్ తగిలిన చోట వచ్చే శబ్దం.

సైలెన్సర్‌కు ఈ నాలుగింటిలో మొదటిదాని మీదే అధికారం ఉంది. మిగతావాటిని అది ఏమీ చేయలేదు. ఈ ఒక్క మాట గుర్తుంచుకుంటే సినిమా అబద్ధం ఎక్కడుందో తెలిసిపోతుంది.

లోపల జరిగేది ఏమిటి?

సైలెన్సర్ లోపల అడ్డు పలకలతో విడదీసిన చిన్న చిన్న గదులుంటాయి. బుల్లెట్ మధ్యలోని దారి గుండా సూటిగా వెళ్లిపోతుంది. వెనకొచ్చే వాయువు మాత్రం గది గదిలోనూ విస్తరించి, సుడులు తిరిగి, గోడలకు వేడిని ఇచ్చి, చల్లబడి, నెమ్మదిగా బయటికి వస్తుంది. జాతర గుడి గేటు ఒక్కసారిగా తెరిస్తే తొక్కిసలాట జరుగుతుంది. అదే జనాన్ని వరసగా కట్టిన బారికేడ్ల మధ్య నుంచి పంపితే అంతమందీ వస్తారు, కానీ ఒకరి మీద ఒకరు పడరు. వాయువు మొత్తం మారదు, బయటికి రావడానికి పట్టే వ్యవధి పెరుగుతుంది. పీడనం శిఖరం తగ్గుతుంది. చెవికి హాని చేసేది ఆ శిఖరమే.

ఈ పరికరానికి అమెరికాలో 1909లో పేటెంట్ పొందినవాడు హైరమ్ పెర్సీ మాక్సిమ్. అతని తండ్రి హైరమ్ స్టీవెన్స్ మాక్సిమ్ ప్రపంచ ప్రసిద్ధమైన మాక్సిమ్ మెషిన్ గన్‌ను కనిపెట్టినవాడు. ఏళ్ల తరబడి తన తుపాకుల మోత మధ్య గడిపిన ఆ తండ్రి వినికిడి బాగా కోల్పోయాడు. కొడుకు ఆ మోతను తగ్గించే సాధనం కనిపెట్టాడు. మాక్సిమ్ కంపెనీ తర్వాతి కాలంలో ఇంజన్లకు, యంత్రాలకు సైలెన్సర్లు చేసే వైపు మళ్లింది. కాబట్టి మోటారు సైకిల్ పొగ గొట్టానికీ తుపాకీ గొట్టానికీ ఒకే పేరు ఉండటం యాదృచ్ఛికం కాదు. ఆ రోజుల్లో సైలెన్సర్ బిగించుకున్నవారిలో అమెరికా అధ్యక్షుడిగా పనిచేసిన థియోడోర్ రూజ్‌వెల్ట్ కూడా ఉన్నాడు. అతను బిగించింది వించెస్టర్ 1894 నమూనాకు, అంటే లివర్ యాక్షన్ రైఫిల్‌కే.

ఇప్పుడు తయారీదారులు దీన్ని 'సప్రెసర్' అంటున్నారు. నోరు మూయించేది కాదు, అణిచేది అని అర్థం. శాస్త్రపరంగా ఆ మాటే సరైనది.

డెసిబెల్ లెక్క

డెసిబెల్ కొలమానం మామూలు తూకం లాంటిది కాదు. 10 డెసిబెల్ పెరిగితే ధ్వని శక్తి 10 రెట్లు, 20 పెరిగితే 100 రెట్లు, 30 పెరిగితే 1,000 రెట్లు అవుతుంది. 160 నుంచి 130కి దిగిందంటే 'ఐదో వంతు తగ్గింది' అనుకుంటే పొరపాటు. శక్తి వెయ్యో వంతుకు, పీడనం సుమారు ముప్పై రెండో వంతుకు పడిపోయిందని అర్థం.

వేట రైఫిళ్ల చప్పుడు కాల్చేవారి చెవి దగ్గర సాధారణంగా 155 నుంచి 165 డెసిబెల్ మధ్య ఉంటుంది. మంచి సప్రెసర్ దాన్ని 20 నుంచి 35 డెసిబెల్ వరకు తగ్గిస్తుంది. అంటే మిగిలేది సుమారు 130 డెసిబెల్. ఇది గుసగుస కాదు, దగ్గర నుంచి వింటే ఉలిక్కిపడేంత శబ్దమే.

ఒక పోలిక చూద్దాం. మన దేశంలో టపాసులకు చట్టం పెట్టిన హద్దు పేలిన చోటునుంచి 4 మీటర్ల దూరంలో 145 డెసిబెల్ శిఖర స్థాయి. దీపావళికి చట్టబద్ధంగా అమ్మే గట్టి టపాసు కూడా చెవికి ఎంత దగ్గర ప్రమాదమో దీన్నిబట్టి తెలుస్తుంది. ఎందుకంటే ఒక్కసారి వినిపించి పోయే శబ్దాలకు పెద్దవారికి 140, పిల్లలకు 120 డెసిబెల్ శిఖర స్థాయి దాటకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచించింది. సప్రెసర్ చేసే పని ఏమిటంటే, 140 గీతకు చాలా పైన ఉన్న శబ్దాన్ని ఆ గీత కిందికి తేవడం. దాని మేలంతా ఈ ఒక్క గీత దాటించడంలోనే ఉంది.

చెవిలో తిరిగి మొలవనివి

లోపలి చెవిలో నత్తగుల్ల ఆకారంలో ఉండే కాక్లియాలో ఒక్కో చెవికి సుమారు 15,000 రోమ కణాలుంటాయి. ధ్వని కంపనాలను విద్యుత్ సంకేతాలుగా మార్చి మెదడుకు పంపేవి ఇవే. గట్టి చప్పుడుకు ఈ కణాల మీది సన్నని రోమాలు వంగిపోతాయి, విరిగిపోతాయి, కణమే చనిపోతుంది. పక్షుల్లో ఇవి మళ్లీ పుడతాయి. మనిషితో సహా క్షీరదాల్లో పోయిన కణం పోయినట్టే.

నష్టం ముందుగా పై స్థాయి పౌనఃపున్యాల్లో, ముఖ్యంగా 4,000 హెర్ట్‌జ్ దగ్గర మొదలవుతుంది. అందుకే తొలిరోజుల్లో మనిషికి తన చెవి దెబ్బతిన్నదని తెలియదు. మాట వినిపిస్తుంది, కానీ 'స', 'ష', 'ఫ' లాంటి అక్షరాలు తేలిపోతాయి. 'వినపడుతోంది గానీ ఏమన్నారో అర్థం కాలేదు' అనడం అక్కడి నుంచే మొదలవుతుంది. దాంతోపాటు చెవిలో ఆగకుండా గుయ్‌మనే హోరు, అంటే టిన్నిటస్ రావచ్చు. అమెరికా మాజీ సైనికుల వైకల్య పరిహారాల జాబితాలో ఏటా మొదటి వరసలో నిలిచేవి టిన్నిటస్, వినికిడి లోపం.

రైఫిల్ వాడేవారిలో మరో విశేషం ఉంది. కుడి భుజం మీద తుపాకీ పెట్టి కాల్చేవారికి ఎడమ చెవి ఎక్కువగా దెబ్బతింటుంది. ఎడమ చెవి బ్యారెల్ మూతి వైపు తిరిగి ఉంటుంది. కుడి చెవి తల చాటున పడుతుంది. వినికిడి పరీక్ష చార్టులో రెండు చెవుల గీతలు వేరుగా కనిపిస్తే వైద్యులు తుపాకీ గురించి అడగడానికి కారణం ఇదే.

చెవుల్లో బిరడాలో, మీద మఫ్‌లో పెట్టుకోవచ్చు కదా? తప్పకుండా పెట్టుకోవాలి. అయితే అడవిలో ఆకు కదలికను, తోటివాడి హెచ్చరికను వినాల్సిన వేటగాడు వాటిని తీసేస్తాడు. సరిగ్గా అమర్చని బిరడా చెప్పినంత రక్షణ ఇవ్వదు. కార్మికుల ఆరోగ్య శాస్త్రంలో ఒక నియమం ఉంది. ప్రమాదాన్ని ముందు పుట్టేచోటే తగ్గించాలి, మనిషికి తొడుగులు ఆ తర్వాత. జనరేటర్‌కు శబ్దం ఆపే పెట్టె కట్టేది ఇందుకే. అలా కడితే ఆపరేటర్‌కే కాదు, పక్కింటివారికీ మేలు. సప్రెసర్ కూడా కాల్చేవాడి చెవితో పాటు పక్కన నిలబడ్డ మనిషి చెవిని, వెంట వచ్చిన కుక్క చెవిని, పొలాల అవతలి ఊరిని కాస్త కాపాడుతుంది.

లివర్ యాక్షన్ ప్రత్యేకత

లివర్ యాక్షన్ అంటే ట్రిగ్గర్ చుట్టూ ఉండే ఉంగరం లాంటి మీటను కిందికి, పైకి ఆడించి తూటాలు మార్చుకునే రైఫిల్. కౌబాయ్ సినిమాల్లో కనిపించేది ఇదే. 1860లో వచ్చిన హెన్రీ రైఫిల్, తర్వాతి వించెస్టర్ 1873, జాన్ బ్రౌనింగ్ రూపొందించిన వించెస్టర్ 1894 దీనిలో పేరున్నవి. 1894 నమూనా ఒక్కటే 70 లక్షలకు పైగా తయారైంది.

దీనికి సప్రెసర్ బాగా నప్పడానికి మొదటి కారణం మూసిన తలుపు. సెమీ ఆటోమేటిక్ రైఫిల్‌లో కాల్పు జరగగానే తుపాకీ తనంతట తానే తెరుచుకుని ఖాళీ గొట్టాన్ని విసిరేస్తుంది. సప్రెసర్ ముందువైపు వాయువును నిలిపి ఉంచడం వల్ల కొంత వాయువు వెనక్కి తన్ని, తెరుచుకున్న ఆ సందులోంచి కాల్చేవారి ముఖం మీదికి వస్తుంది. అక్కడినుంచి శబ్దం కూడా బయటపడుతుంది. లోపలి భాగాలు మామూలుకంటే వేగంగా కొట్టుకుని త్వరగా మసిబారతాయి. లివర్ యాక్షన్‌లో మనిషి మీట ఆడించే దాకా వెనక తలుపు గట్టిగా మూసే ఉంటుంది. ఆలోపు వాయువంతా ముందు నుంచి పోతుంది. బోల్ట్ యాక్షన్ రైఫిల్‌కూ ఈ గుణం ఉంది.

రెండో కారణం తూటాను ఎంచుకునే స్వేచ్ఛ. సోనిక్ బూమ్‌ను సప్రెసర్ ఆపలేదని చెప్పుకున్నాం. దాన్ని తప్పించాలంటే బుల్లెట్ ధ్వనికంటే నెమ్మదిగా వెళ్లాలి. సెమీ ఆటోమేటిక్ రైఫిల్‌కు తలుపు తెరవడానికి తగినంత వాయువు బలం కావాలి, నెమ్మది తూటా ఆ బలం ఇవ్వకపోవచ్చు. లివర్ యాక్షన్‌ను నడిపేది చేతి కండ బలం. తూటా బలమైనదా, మెత్తనిదా అన్నదానితో దానికి పనిలేదు. 357 మాగ్నమ్‌కు చేసిన రైఫిల్‌లో అదే వ్యాసం, కాస్త పొట్టిగా ఉండే 38 స్పెషల్ తూటా కూడా పేల్చవచ్చు. దాని 10 గ్రాముల బరువు బుల్లెట్ సాధారణంగా ధ్వని వేగం లోపే ఉంటుంది. అయితే నెమ్మది బుల్లెట్‌కు శక్తి తక్కువ, అందే దూరమూ తక్కువ. జంతువును గాయపరచి వదిలేయకుండా ఒక్క దెబ్బతో పడగొట్టాలన్న వేట నీతి దృష్ట్యా ఇది చిన్న విషయం కాదు.

మూడో మేలు భుజానికి. న్యూటన్ మూడో నియమం ప్రకారం ముందుకు వెళ్లేదెంతో వెనక్కి తన్నేదంత. 30-30 లెక్క సుమారుగా వేద్దాం. బుల్లెట్ 9.7 గ్రాములు, వేగం సెకనుకు 728 మీటర్లు అనుకుంటే దాని ద్రవ్యవేగం 7 యూనిట్లు. మందు సుమారు 2.2 గ్రాములు, అది వాయువుగా సెకనుకు 1,200 మీటర్ల వేగంతో చిమ్మితే 2.6 యూనిట్లు. అంటే భుజం మీది దెబ్బలో పావు వంతుకు పైగా బుల్లెట్‌ది కాదు, వెనక రాకెట్‌లా చిమ్మే వాయువుది. ఆ వాయువును సప్రెసర్ నెమ్మదింపజేస్తే దెబ్బ తగ్గుతుంది. సప్రెసర్ బరువు కూడా తోడవుతుంది. తేలిగ్గా ఉండి గట్టిగా తన్నే లివర్ యాక్షన్లకు ఇది మరింత ఉపయోగం. తన్నుకూ మోతకూ భయపడి ట్రిగ్గర్ నొక్కే క్షణంలో కళ్లు మూసుకుని చేయి బిగించే అలవాటు కొత్తవారికి ఉంటుంది. గురి తప్పడానికి అదో పెద్ద కారణం. రెండూ తగ్గితే ఆ బెదురు తగ్గుతుంది, పక్కనున్న శిక్షకుడి మాట కూడా వినిపిస్తుంది.

ఇబ్బందులూ ఉన్నాయి

పాత లివర్ యాక్షన్లలో బ్యారెల్ కింద దాదాపు చివరిదాకా తూటాల గొట్టం ఉంటుంది. బ్యారెల్ మూతి దగ్గర గురి చూసే పలక ఉంటుంది. సప్రెసర్ బిగించడానికి మూతికి మర ఉండదు. అందుకే ఇటీవల హెన్రీ 'ఎక్స్ మోడల్', మార్లిన్ 'డార్క్ సిరీస్' లాంటివి ఫ్యాక్టరీలోనే మర పెట్టి అమ్ముతున్నారు. బిగింపు సూటిగా లేకపోతే బుల్లెట్ లోపలి పలకలకు తగిలి ప్రమాదం జరుగుతుంది. ఇది నిపుణుడైన గన్‌స్మిత్ చూడాల్సిన పని. సప్రెసర్ రైఫిల్ పొడవును ఓ జానెడు పెంచుతుంది, ముందువైపు బరువు పెంచుతుంది. పొదల మధ్య చురుగ్గా తిప్పగలగడమే లివర్ యాక్షన్ గొప్పతనం అనుకునేవారికి ఇది నచ్చదు. వరసగా కాలిస్తే గొట్టం చెయ్యి కాలేంత వేడెక్కుతుంది. సప్రెసర్ ఉందని చెవి రక్షణ మానేయడం అన్నిటికంటే పెద్ద పొరపాటు. 130 డెసిబెల్ శబ్దాన్ని రోజులో పదుల సార్లు వింటే చెవికి మళ్లీ నష్టమే.

సమాజానికి కూడా ఒక ప్రశ్న ఉంది. తుపాకీ మోత చుట్టుపక్కలవారికి హెచ్చరిక కూడా. అది తగ్గితే ఆపద ఎటునుంచి వస్తుందో గుర్తించడం కష్టం కాదా అన్నది వ్యతిరేకుల వాదన. 2019 మే 31న వర్జీనియా బీచ్‌లో 12 మందిని చంపిన దుండగుడు సప్రెసర్ వాడాడు. ఆ తర్వాత ఈ చర్చ మరింత వేడెక్కింది. అమెరికాలో 1934 నాటి జాతీయ ఆయుధ చట్టం సైలెన్సర్లకు రిజిస్ట్రేషన్‌ను, 200 డాలర్ల పన్నును విధించింది. 2025లో చేసిన చట్టంతో 2026 జనవరి 1 నుంచి ఆ పన్ను సున్నా అయింది. రిజిస్ట్రేషన్ మాత్రం ఉంది. ఫిన్లాండ్, నార్వే లాంటి దేశాల్లో వేటగాళ్లు సప్రెసర్ వాడటం మామూలు విషయం. భారత్‌లో పరిస్థితి వేరు. 1959 ఆయుధ చట్టం చప్పుడును, మెరుపును తగ్గించే ఉపకరణాలను కూడా 'తుపాకీ' నిర్వచనంలోనే చేర్చింది. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం వేటను నిషేధించింది. కాబట్టి ఇక్కడ ఈ పరికరానికి వేటలో చోటు లేదు.

కానీ దాని వెనకున్న శాస్త్రానికి మన దగ్గర చాలా చోటు ఉంది. రైస్ మిల్లులో, క్వారీలో, ఊరేగింపు డీజే పక్కన, దీపావళి రాత్రి వీధిలో ఉన్నవి అవే చెవులు, అవే రోమ కణాలు. మోత పుట్టేచోటే దాన్ని తగ్గించడం, తగ్గించలేనిచోట దూరం జరగడం, జరగలేనప్పుడు చెవి మూసుకోవడం. ఈ మూడూ ఈ వరసలోనే చేయాలి. మోటారు సైకిల్‌కు కంపెనీ ఇచ్చిన సైలెన్సర్ పీకేసి మోత గొట్టం పెట్టించే కుర్రవాడు తన రోమ కణాలతో పాటు వీధిలో అందరి రోమ కణాలనూ ఖర్చు చేస్తున్నాడు. వాటిని తిరిగి కొనిపెట్టే అంగడి ఎక్కడా లేదు.